ఏడో విద్యకు తాళం

"కాచుకో" అని ఎవరూ అరవలేదు, కానీ దెబ్బ వచ్చేసింది, నా చేతిలోని కర్ర రెండు ముక్కలై ఒక ముక్క వంతెన మీంచి కింది మంటల్లోకి పడిపోతోంది, ఎదురుగా కొమ్ముల శిరస్త్రాణాలవాళ్ళు ముగ్గురు, వాళ్ళ వెనక ఇంకో ముగ్గురు, వాళ్ళ వెనక ఇంకెంతమందో పొగలో తెలియడం లేదు. ఈ వంతెన నాకు తెలుసు. దీని ప్రతి పలకా మా ఆఫీసులో నా పక్క సీటు కంప్యూటర్లోనే తయారైంది. ఇక్కడ చచ్చిపోతే మళ్ళీ మొదటినుంచి ఆడొచ్చని కూడా తెలుసు. అయినా మిగిలిన కర్రముక్కతో వెనక్కి జరుగుతున్నాను, ఎందుకంటే ఎడమ పక్క పై మూలన ఉండాల్సిన, ఆటగాడికి ఇంకెంత ప్రాణం మిగిలిందో చూపే ఎర్రగీత ఎక్కడా కనిపించడం లేదు.

"ఏటమ్మా ఆ నిలబడ్డం? సంతలో తప్పిపోయిన గుంటలాగ!"

పొగలోంచి వస్తున్న మనిషిని చూడక్కర్లేదు, గొంతు చాలు. జామి పైడయ్య మాస్టారు. విజయనగరం దగ్గర తాలింఖానాలో నలభై ఏళ్ళు కర్రసాము నేర్పిన మనిషి. మా వీడియో గేములో ఆటగాడి వెంటే నడుస్తూ యుద్ధవిద్యలు నేర్పే తోడు పాత్ర ఒకటుంది, ఆ పాత్రకి తన ఒంటినీ అడుగుల్నీ ఇచ్చిన మనిషి. చనిపోయి ఇవాళ్టికి పదహారు రోజులు. ఆ లెక్క నాకు గుర్తుంది, గుర్తుండి కూడా ఆశ్చర్యం వేయడం లేదు.

ఆయన ఒంటిమీద రికార్డింగు రోజు తొడిగిన నల్ల బిగుతు దుస్తులే ఉన్నాయి, వాటిమీద కెమెరాలు కదలికల్ని పట్టుకోవడానికి అంటించిన బూడిదరంగు పూసలు మెరుస్తున్నాయి. "సచ్చినాక కూడా ఈ సొక్కా ఇప్పనీలేదు మీవోళ్ళు" అని నవ్వుతూ కర్ర ఒక్కసారి తిప్పుతాడు, కొమ్ములవాళ్ళు ముగ్గురూ తడిబట్టల్లాగ వంతెన కమ్మీల మీద వాలిపోతారు, మిగతావాళ్ళు పొగలోకే వెనక్కి నడుస్తారు, నడుస్తూ నడుస్తూ పొగ ఎర్రమట్టి ధూళిగా మారిపోతుంది, వంతెన పలకలు చల్లబడి తాలింఖానా నేల అవుతాయి, కానీ గోడలు మాత్రం మా స్టూడియోవే, చుట్టూ ముప్ఫై కెమెరాల ఎర్రటి కళ్ళతో.

"ఎడం పాదం ఎనక్కి. ఇంకాస్త. ఇప్పుడు కొట్టు నన్ను."

"కాచుకోండి మాస్టారూ" అంటూ కర్ర ఎత్తుతాను, అది ఎప్పుడు మళ్ళీ ఒకటైందో తెలియదు. ఆయన ముఖం వెలుగుతుంది.

"అదీ! ఎప్పుడు నేర్సుకున్నావే? మొదటిరోజు నీ మొహానికి అంత కర్రా బరువైపోనాది."

"మీరే నేర్పారు. కొట్టేముందు కాచుకో అని ఎదుటివాడికి చెప్పాలని."

"సెప్పకుండా కొడితే?"

"దొంగ."

"ఆఁ" అని ఆయన కర్రతో నా కర్రని మెల్లగా తాకుతాడు, ఆ చప్పుడుకి ఎక్కడో తాళం ఊడిన శబ్దం. గాల్లో అక్షరాలు వెలుగుతాయి, మొదటి విద్య, రెండో విద్య, అలా ఆరుదాకా. ఈ నియమం రాసింది నేనే. తోడు పాత్ర ఏడు విద్యలు నేర్పుతుంది, ఆటగాడి మీద దానికి నమ్మకం పెరిగేకొద్దీ ఒక్కో తాళం ఊడుతుంది. ఆరు ఊడిపోయాయి. ఏడో దాని మీద మాత్రం ఇనప తాళం అలాగే వేలాడుతోంది.

"మాస్టారూ, ఏడోది చూపించండి."

అడగకుండా ఉండాల్సింది. ఆయన చేతిలోంచి కర్ర జారిపోతుంది, రెండు చేతులూ రెండు పక్కలకీ బారుగా చాచుకుంటాయి, కాళ్ళు బిగుసుకుపోతాయి, కళ్ళు ఎటూ చూడవు. రికార్డు చేయని విద్య అడిగితే ఆటలో బొమ్మలు ఇలాగే నిలబడతాయి. ఆఫీసులో రోజుకి పదిసార్లు చూసి నవ్వుకునేవాళ్ళం.

"దిట్టిబొమ్మని సేసీసినారు కదే నన్ను" పెదాలు కదలకుండా మాట వస్తుంది. "చేలో పాతీయండింక. కాకులైనా బెదురుతాయి."

"నవ్వించకండి మాస్టారూ."

"నవ్వీయొద్దా? ఏడవమంతావా? సరే. గౌరి ఎలాగుంది?"

గౌరి ఆయన కూతురు. తాలింఖానాలో ఆడపిల్లలకి కర్ర పట్టుకోవడం నేర్పుతుంది. ఆయన పోయినప్పటి నుంచి నాకు ఆమె ముఖం చూసే ధైర్యం లేదు, కానీ కలలో అబద్ధం చెప్పడానికి నోరు తిరగడం లేదు.

"పాతికమంది వచ్చేవాళ్ళట. ఇప్పుడు నలుగురే వస్తున్నారట. మాస్టారు తాగి పడ్డాడు, అలాంటి చోటికి పిల్లల్ని ఎలా పంపుతాం అంటున్నారట."

"ఎవులు సెప్పీరు తాగీనానని?"

"మా ఆఫీసువాళ్ళే. ఇంకా కాగితం మీద పడలేదు. ఇవాళ నాలుగింటికి నేను సంతకం పెడితే పడుతుంది. మీరు తాగి వచ్చారనీ, మీరు దూకే చోట వెనక వేసిన పరుపులు మీరే తీయమన్నారనీ. ఆరోజు రికార్డింగు నడిపింది నేనే కదా, నా మాటే సాక్ష్యం."

చాచిన చేతుల నుంచి ధూళి సన్నగా రాలుతోంది. వెనక గోడ దగ్గర, నాలుగడుగుల ఎత్తున, ఆయన పడిన రోజు వేసిన చెక్క అరుగు మెల్లగా నేల నుంచి లేస్తోంది.

"ఆరోజు నానేటి తాగినాను?"

"టీ."

"ఎన్ని?"

"రెండు."

"నాను రోజుకి ఒకటే తాగుతానని మీ ఆఫీసులో తుడిసే మనిషికి కూడా తెలుసు. రెండోది ఎవులిచ్చీరు?"

టీ వాసన వస్తోంది, అల్లం దంచి వేసిన టీ, ఆఫీసు బయటి వరండా, చేతిలో గ్లాసు, "కూర్చోండి మాస్టారూ, పది నిమిషాలు పడుతుంది, కెమెరాలు సరిచేస్తున్నారు" అంటున్న గొంతు. ఆ గొంతు నాకు బాగా తెలుసు.

మా ఇద్దరి మధ్యా గాల్లో మూడు వరుసలు వెలుగుతాయి, ఆటలో పాత్ర ఏదైనా ప్రశ్న అడిగినప్పుడు ఆటగాడు ఎంచుకోవడానికి వచ్చే జవాబులు. పైన ప్రశ్న ఒక్కటే: పరుపులు తీసింది ఎవరు?

మొదటి వరుసలో, పైడయ్య మాస్టారు. నేను దాన్ని ముట్టుకోను. ముట్టుకోవడానికి చేయి వెళ్ళబోతే వెనక్కి లాక్కుంటాను.

రెండో వరుసలో, చక్రధర్. మా స్టూడియో యజమాని. నెలాఖరుకి ఆట బయటికి రాకపోతే అందరం ఇళ్ళకి వెళ్ళాల్సిందే అని రోజూ అరిచే మనిషి. ఆశగా దాన్ని నొక్కుతాను. ఏడో తాళం కదలదు.

"ఆ బాబు ఆరోజు ఊళ్ళోనే లేడు కదేటి" అంటాడు మాస్టారు. "పాపం, ఆడికి పరుపుకీ దుప్పటికీ తేడా తెలీదు. ఆడి మీదకి తొయ్యకు."

మూడో వరుస బూడిదరంగులో ఉంది. ఖాళీ. నొక్కితే పడదు, రెండుసార్లు, పదిసార్లు నొక్కినా పడదు.

"అది వేలితో పడదు తల్లీ" అంటాడాయన. "నోటితో సెప్పాల."

ఇంతలో ఆయన చేతులు విడివడతాయి, కాళ్ళు కదులుతాయి, కర్ర తనంతట తానే ఆయన చేతిలోకి వస్తుంది. అరుగు ఎక్కుతున్నాడు. ఎక్కుతుంటే ఒంటిమీది పూసలు ఒక్కొక్కటీ వెలుగుతాయి, నేను లెక్కపెడుతున్నాను, అలవాటు, రికార్డింగుకి ముందు లెక్కపెట్టడం నా పని. యాభై రెండు. యాభై మూడు ఉండాలి. ఎడమ మడమ మీద చీకటిగా ఉంది.

"ఒకటి తగ్గింది మాస్టారూ, దిగండి, అంటిస్తాను."

"తగ్గలేదు. నీకాడే ఉంది."

అరుగు అంచున, నాకు ఎదురుగా, శూన్యానికి వీపు పెట్టి నిలబడతాడు. "సూడు. ఏడోది ఇదే. ముందున్నోడు కొడతాడు, మనం ఎనక్కి ఎగురుతాం, ఎగురుతా కొడతాం. ఎనక్కి సూడకూడదు. సూస్తే మెడ తిరుగుద్ది, కర్ర తప్పుద్ది. ఎనకాల ఎవులున్నారో ఆళ్ళని నమ్మీసి ఎగరాల. మా గురువుగోరి ఎనకాల నానుండేవోణ్ణి. నా ఎనకాల గౌరుండేది."

ఆరోజు ఆయన వెనక నేనున్నాను. మెత్తటి పరుపుల మీద పాదాలు దిగబడి రికార్డులో అడుగులు జారుతున్నట్టు కనిపించేవి, ఒక్కో విద్యా సరిచేయడానికి నాకు నాలుగు రోజులు పట్టేది, ఏడోదానికి అంత సమయం లేదు. వట్టినేల మీద దిగితే అడుగు శుభ్రంగా పడుతుంది. ఇద్దరు కుర్రాళ్ళకి సైగ చేస్తే పది నిమిషాల్లో పరుపులు చుట్టేశారు. టీ తాగి వచ్చిన ఆయనకి చెబుదామనే అనుకున్నాను. చెబితే వద్దంటాడేమోనని, ఒక్కసారికి ఏమవుతుందిలే అని, కెమెరాలు అప్పటికే తిరుగుతున్నాయని.

"మాస్టారూ, ఎగరకండి! వెనక ఏమీ లేదు!"

నా నోరు కదులుతోంది, శబ్దం లేదు. కొమ్ముల శిరస్త్రాణంవాడొకడు అరుగు మీద పుట్టుకొచ్చి గద ఎత్తుతున్నాడు. నేను గొంతు చించుకుని అరుస్తున్నాను, శబ్దం లేదు. అప్పుడు గుర్తొస్తుంది, అరుపుతో దవడ కదిలి ముఖం రికార్డు పాడవుతోందని, ఈ ఆటలో ఎవరూ "కాచుకో" అనకూడదని నియమం పెట్టింది కూడా నేనేనని. ఆ మాట చెప్పినరోజు ఆయన "నీ ఆట కదా, నీ ఇష్టం" అన్నాడు.

"నన్నెవులూ కాచుకో అన్లేదు తల్లీ" అంటాడిప్పుడు. కోపంగా కాదు. ఏదో చిన్న సంగతి, మరిచిపోయి ఇప్పుడు గుర్తొచ్చినట్టు. ఎడమ పాదం వెనక్కి పెడతాడు, ఇంకాస్త వెనక్కి, అక్కడ అరుగు లేదు.

"నీలవేణీ!"

తల ఎత్తుతాను. మధ్యాహ్నపు ఎండ అద్దంలోంచి బల్ల మీద పడుతోంది. చక్రధర్ నా కీబోర్డు పక్కన కాగితం పెట్టి, దాని మీద పెన్ను పెట్టి నిలబడి ఉన్నాడు.

"బాగానే పడుకున్నావు. నాలుగవుతోంది. ఆ అమ్మాయి కర్ర తీసుకెళ్దామని వచ్చింది, ఆమె వెళ్ళేలోపు ఇది అయిపోతే మంచిది. చదవక్కర్లేదు, మనం మాట్లాడుకున్నదే."

ఎడమ చెంప మండుతోంది. తడుముకుంటే వేలికి గుండ్రటి గుంట తగులుతుంది, బల్ల మీద, నేను తల వాల్చిన చోట, బూడిదరంగు పూస ఒకటి. ఆరోజు అంబులెన్సు వెళ్ళాక వట్టినేల మీద దొరికితే ఎవరికీ చెప్పకుండా పెన్నుల డబ్బాలో దాచిన పూస. ఎడమ మడమది.

"ఇంకా ఆలోచనేంటి?" చక్రధర్ గొంతు తగ్గిస్తాడు. "ఆయనకి కొత్తగా పోయేదేముంది చెప్పు? పోయిన మనిషి. ఉద్యోగం చేసుకోవాల్సింది నువ్వు."

అద్దం తలుపు దగ్గర గౌరి నిలబడి ఉంది, చేతిలో తండ్రి కర్ర. ఆమె నా వైపు చూడటం లేదు, నా తెర వైపు చూస్తోంది. తెరమీద మాస్టారి బొమ్మ చేతులు రెండూ చాచి నిలబడి ఉంది.

పూస పిడికిట్లోకి తీసుకుని లేస్తాను.

"కాచుకోండి సార్" అంటాను.

"ఏంటి?"

నేను అప్పటికే తలుపు తీస్తున్నాను. పూసని గౌరి అరచేతిలో పెడతాను. "ఇది మీ నాన్నగారి కాలిది. ఆయన తాగలేదు. టీ తాగారంతే. పరుపులు ఆయన తీయమనలేదు, తీసేశారని ఆయనకి తెలియదు."

వెనక చక్రధర్ ఏదో అరుస్తున్నాడు. గౌరి పూస వంక చూసి, కర్రని నేలమీద ఆనించి, తండ్రిలాగే నిదానంగా అడుగుతుంది.

"మరి ఎవులు తీసీరు?"

ఈసారి గొంతు వస్తుంది.

"నీలవేణి. నేనే."