మాత్రకు తరుగు

నలభై ఏళ్ళ కంసాలి పనిలో ఏ గిరాకీకీ గింజెత్తు తేడా రానివ్వని మనిషి, పెళ్ళాం మింగే మాత్రకు తరుగు తీశాడు. ఆ సంగతి అతని వదినగారు, పెళ్ళానికి అక్క, పనిబల్ల మీద చూసింది. త్రాసు పళ్ళెంలో తెల్లటి పొడి, పక్కన సన్న ఆకురాయి. వారానికి సరిపడా మాత్రలు సర్దే డబ్బాలో ఏడు అరలు. ఏడింటిలోనూ పెసరబద్దల్లా అరిగిన సెర్ట్రాలిన్ మాత్రలు, మనసు దిగులుకు డాక్టరు రాసినవి.

"ఏమిటిది, మరిదీ?"

"ఎన్నేళ్ళని మింగుతుంది, మెల్లిగా మాన్పిస్తున్నాను వదినా. ఒక్కసారిగా ఆపకూడదని మీరే కదా చదివి చెప్పారు."

చెప్పింది నిజమే. ఉన్నట్టుండి ఆపితే తల తిరుగుతుందని, నిద్ర పట్టదని, తగ్గించాలంటే డాక్టరు చెప్పినట్టు మెల్లగా తగ్గించాలని మందు కాగితం అక్షరం వదలకుండా చదివి వినిపించింది. ఈ మహానుభావుడు 'మెల్లగా' ఒక్కటే ఉంచుకుని, డాక్టరును గీకి పారేశాడు.

"ఎన్నాళ్ళనుంచి?"

"రెండు నెలలు. సగానికి పైగా తీసేశాను. చూడండి, ఏడూ ఒకే ఎత్తు." ఒక మాత్రను వేలికొసన పెట్టి, మెప్పుకోసం చూపించాడు. ఆవిడ అతన్ని నల్లిని చూసినట్టు చూసింది.

రెండు నెలల నుంచే చెల్లెలు మళ్ళీ గోడవైపు తిరిగి పడుకుంటోంది. మూడేళ్ళ కిందట చెప్పాపెట్టకుండా వెళ్ళిపోయి, రెండో రోజున బస్టాండు బల్ల మీద దొరికిన మనిషి. అప్పటినుంచి గేటు చప్పుడైతే చాలు, అక్క లేచి వెళ్ళి చూస్తుంది. నిన్న డాక్టరమ్మ, "యాభై మిల్లీగ్రాముల మాత్ర రోజూ వేసుకుంటున్నావా?" అని అడిగితే, చెల్లెలు ఒక్కపూట తప్పలేదంది. యాభై పనిచేయడం లేదని ఆవిడ వంద రాసింది. రేపు పొద్దున్నే మొదలు.

"అసలు మింగేది యాభైలో సగమైనా లేదు. రేపు ఒక్కసారిగా వందకు ఎగురుతుంది. ఇప్పుడే ఫోన్ చేసి నువ్వు చేసింది చెప్పు."

"బాగుందండీ. నలుగురిలో నా పరువేం కావాలి? వంద కూడా సగానికి గీస్తాను, సరిపోతుంది."

"నీ తెలివి తెల్లారినట్టే ఉంది."

గుమ్మంలో చెల్లెలు నిలబడి ఉంది. ఎప్పుడొచ్చిందో.

"ఎంత తీశారండీ?"

"నీ మంచికే..."

"ఎంత?"

"ముప్పై. మొదట పది, ఆ తర్వాత..." భయంలోనూ లెక్క తప్పలేదు.

"మందేసుకున్నా బాగుపడలేని దాన్ననుకున్నాను," అంది చెల్లెలు. "అక్కా, ఇంక నేనెందుకని కూడా అనుకున్నాను."

అక్క వెళ్ళి చెల్లెలి పక్కన నిలబడింది. మరిది మాత్రం ఆకురాయిని గుడ్డతో తుడుస్తున్నాడు. తుడిచే వేళ ఇదేనా, పనికిమాలినవాడా అనుకుంది.

చెల్లెలే నంబరు కలిపి ఫోను మొగుడి చేతిలో పెట్టింది. "మీరే చెప్పండి."

చెప్పాడు, నీళ్ళు నములుతూ. అవతలినుంచి డాక్టరమ్మ గొంతు గదంతా వినిపించింది. వంద ముట్టుకోవద్దంది. ఎంత వేసుకోవాలో చూసి చెబుతానంది. ఆమె మనసులో ఏమేం వస్తున్నాయో అడగాలి, ఇప్పుడే తీసుకురమ్మంది. ఒంటరిగా వదలొద్దంది.

"మధ్యాహ్నం ఒక గొలుసు ఇవ్వాలి వదినా, మీరు తీసుకెళ్తారా?" అన్నాడు.

"గొలుసు నీ మెళ్ళో వేసుకుని కూర్చో," అంది అక్క, చెల్లెలి చేయి పట్టుకుంటూ.

చెల్లెలు డబ్బా, కొత్త మందు తన సంచిలో వేసుకుంది. "వద్దక్కా, ఆయనా రావాలి. అక్కడ నేను అబద్ధం చెప్పినట్టయింది. నిజం ఆయన నోటితోనే రావాలి."

అతను చెప్పుల కోసం వెతుక్కున్నాడు. అక్క ఆగలేదు, చెల్లెలి చేయి వదల్లేదు.