నేలమీది తలపాగా

కచేరీ గుమాస్తా పేష్కారు కలం ఆగగానే భూలి ఆ కాగితం వైపు చూసింది. మిర్యాలగూడ మున్సిఫ్ కచేరీలో ఆమె పొద్దుటి నుంచీ నిలబడే ఉంది. ఇంతసేపూ బద్ధకంగా కదిలిన కలం, మొగుడు కిష్ట్యా నోట ఒక్క మాట రాగానే పరుగెత్తి రాసేసుకుంది.

కిష్ట్యా అన్నది "తప్పాయె దొరా" అని. తలపాగా తీసి నేలమీద పెట్టి మరీ అన్నాడు.

పెద్దవూర దగ్గరి వాళ్ళ తండాలో అది మర్యాద. పంచాయితీ కూర్చుంటే ఫిర్యాదు చేసినవాడూ, నింద మోసేవాడూ ఇద్దరూ ముందు తలపాగాలు దించి "తప్పాయె" అనాలి. ఆ తరువాతే తండా పెద్ద నాయక్ "ఇగ చెప్పుండ్రి, ఏమైంది?" అని అడుగుతాడు. ఇక్కడ అడిగిన నాథుడు లేడు. ఫిర్యాదు చేసిన పటేలు తలపాగా నెత్తిమీదే ఉంది.

"జొన్న దొంగతనంగ కోసినట్టు ఒప్పుకున్నడు. ఇగ సాక్షులెందుకు?" అన్నాడు పటేలు వకీలు.

ఒప్పుకోవడమా! ఆ జొన్న చెలకలో రాళ్ళేరింది కిష్ట్యా తండ్రి. తుప్ప నరికింది, గట్టు వేసింది ఆయనే. తండాలో ఎవరిని అడిగినా చెబుతారు. పోలీసు చర్య జరిగి ఏడాది తిరగకముందే పటేలు ఆ చెలక తనదంటూ ఎక్కడిదో కాగితం పట్టుకొచ్చాడు. తన చెలకలో తాను కోసుకున్నవాడు దొంగయ్యాడు.

"ఆరు నెలలు తప్పదు" అని పక్కనున్న జవాను గొణిగాడు. భూలి మొగుడి వైపు తిరిగింది. అతను మాత్రం పంచాయితీ ఇంకా మొదలవుతుందనే చూస్తున్నాడు, పిచ్చి మారాజు!

"రెండో ముద్దాయి భూలి! నువ్వు గూడ కోసినవా? తప్పు ఒప్పుకుంటున్నవా?" అన్నాడు పేష్కారు.

"అను భూలీ" అన్నాడు కిష్ట్యా మెల్లగా. "తప్పనకుంటే నాయక్ లేసి పోతడు. తండల మనకు నిప్పు గూడ ఇయ్యరు."

వాళ్ళతో తండా నుంచి వచ్చిన నాయక్ వెనక బల్లమీద దగ్గాడు. ముందు జైలు, వెనక వెలి. భూలి మొగుడి తలపాగాను చూసింది, పటేలు తలపాగాను చూసింది.

"అంట దొరా" అంది. "ముందుగాల పటేలును తలపాగ దించమనుండ్రి. ఆయన తప్పనాలె. గప్పుడు నేనంట. గప్పటిదాంక అనను."

వెనక నాయక్ దగ్గు ఆగింది. పేష్కారు ఏం రాయాలో తెలియక మున్సిఫ్ జడ్జి వైపు చూశాడు. పటేలు చేయి మాత్రం పైకి లేచి, నెత్తిమీది తలపాగాను గట్టిగా అదిమి పట్టుకుంది.