కుండీ పక్కన అత్తయ్య

మా నర్సరీలో ఒకే ఒక్క కుండీలో ఆ అడవిపువ్వు పూసింది. ఊదారంగు రేకులు, లోపల పసుపు చుక్క. హోటల్ గుమ్మంలో పెట్టుకుంటానని, మర్నాడు సాయంత్రం వచ్చి తీసుకెళతానని ఒక మేనేజరు చెప్పాడు.

చిక్కల్లా మా అత్తయ్యతోనే. ఆ మొక్క గడ్డ నూరి పట్టు వేస్తే మోకాళ్ళ నొప్పి తగ్గుతుందని ఆవిడ నమ్మకం. గడ్డ తవ్వితే ఇక పువ్వుండదు. అందుకే కుండీని షెడ్డు వెనక నీడలో దాచాను.

పొద్దున్నే వెళ్ళి చూస్తే ఆవిడ కుండీ పక్కనే కూర్చుని ఉంది. వేళ్ళనిండా మట్టి. నాకు ఒళ్ళు మండిపోయింది.

"తవ్వేశారా? చంటిపిల్లలా సాకాను కదా దాన్ని" అన్నాను.

"తవ్వలేదే. తడి ఆరితే పువ్వు సాయంత్రం దాకా నిలవదు. అందుకని ఎండాకులు కప్పాను. అడవిలో దీని మొదలు చుట్టూ ఉండేవి అవేగా."

చూశాను. పువ్వు చెక్కుచెదరలేదు. మొదలు చుట్టూ ఆకులు పక్క పరిచినట్టున్నాయి. అయినా నా నోరు ఊరుకుంటుందా?

"కప్పడం అయిపోయిందిగా, ఇంకా ఇక్కడే కూర్చున్నారేం?"

"కూర్చోవడమైతే కూర్చున్నాను. లేవలేకపోతున్నానే తల్లీ. నువ్వొస్తావని చూస్తున్నా."