సూది ఆపిన పొద్దు

చల్లన.

స్పిరిట్‌లో తడిపిన దూది పొట్ట మీద తిరిగిన చోటల్లా చల్లన. ఆ తడి ఆరగానే చిన్న పోటు. పొడిచిన చోట కాసేపు మంట... ఆ తర్వాత ఏమీ లేదు.

కిటికీ బయట ఉదయగిరి కొండ. కొండ నెత్తిన తొలి ఎండ. కింద కిరాణా అంగట్లో మామ మల్లికార్జునం తలుపు చెక్కలు ఒక్కొక్కటే తీస్తున్న చప్పుడు. మేడ మీది గదిలో కోడలు విజయదుర్గ పొట్ట చర్మాన్ని రెండు వేళ్ళతో మడతపట్టి, తనకు తానే సూది వేసుకుంటోంది.

లోపల బిడ్డ. బయట సూది.

భయం లేదా అంటే — ఉంది. కానీ ఆ భయం కన్నా పెద్దదాన్ని ఆమె ఒకసారి చూసి వచ్చింది.

పెళ్ళయిన ఏడాదికి ఎడమకాలు వాచింది. పిక్క రాయిలా బిగిసింది. బెణికిందనుకున్నారు. ఆముదం రాశారు, కాపడం పెట్టారు. వాపు తగ్గలేదు. ఒక మధ్యాహ్నం అన్నం వడ్డిస్తూ వడ్డిస్తూ కూలబడిపోయింది.

గాలి ఉంది. కొండ మీంచి వీస్తూనే ఉంది. ఇల్లంతా ఉంది.

ఆమె గుండెల్లోకి మాత్రం రాలేదు.

కాలి నరంలో నెత్తురు గడ్డకట్టిందనీ, అందులోంచి ఒక ముక్క విడిపోయి ఊపిరితిత్తుల్లో అడ్డం పడిందనీ నెల్లూరు ఆస్పత్రిలో చెప్పారు. బతికింది. బతికి ఇంటికొచ్చాక, రోజూ ఒక మాత్ర. రక్తం మళ్ళీ గడ్డకట్టకుండా పలచన చేసే మాత్ర.

విజయదుర్గ దాన్ని తనకు తోచినట్టు అర్థం చేసుకుంది. కొండవాగు పారుతున్నంతసేపు నీళ్ళు తేటగా ఉంటాయి. నిలిచిందా — నాచు.

పారాలి. అంతే.

ఆత్మకూరులో ఆమెను చూసే డాక్టర్ సుధారాణి ఒక్క మాట మాత్రం వెళ్ళినప్పుడల్లా చెప్పేది. "నెల తప్పిందని అనుమానం వస్తే చాలు, ఆ రోజే నా దగ్గరికి రా. మాత్ర నీ అంతట నువ్వు ఆపొద్దు. అట్లాగని కడుపుతో ఉండి మింగుతా కూర్చోవద్దు."

అనుమానం వచ్చింది. ఆ పొద్దే భర్త ఉదయ్ కుమార్‌ను వెంటబెట్టుకుని ఆత్మకూరు బస్సెక్కింది. దారి పొడుగునా మెట్టచేలు, మేకలమందలు, ఎండకు మెరిసే రాళ్ళు... ఆమె చెయ్యి మాత్రం పొట్ట మీదనే ఉంది.

"మంచిపని చేసినావు, వెంటనే వచ్చినావు," అంది డాక్టరమ్మ. "ఈ మాత్ర మాయను దాటి బిడ్డ దాకా పోతుంది. బిడ్డ రూపు కట్టే రోజులివి, చెరుపు చేస్తుంది. ఈ సూదిమందు మాయ దాటదు. నీ రక్తం వరకే దాని పని. ఈ రోజు నుంచి మాత్ర బదులు ఇది. పొద్దునొకటి, సాయంత్రమొకటి."

అలా మొదలైంది చల్లన.

*

అత్త వరలక్ష్మమ్మకు గిట్టలేదు.

"కడుపులో బిడ్డను పెట్టుకోని కడుపు మీదనే సూదులా? మేమంతా కనలేదా? ఏందీ చోద్యం!"

సూది పడిన చోటల్లా కమిలేది. నేరేడుపండు పిండినట్టు ఒక మరక. అది పసుపుపచ్చగా మారేలోపు పక్కన ఇంకొకటి. స్నానానికి నీళ్ళు తోడుతూ వరలక్ష్మమ్మ ఆ మరకలు చూసింది. చూసి, మొహం తిప్పుకుంది. కళ్ళలో నీళ్ళు.

"చాల్లే తల్లీ. ఈ నెలకు ఆపెయ్యి. దేవుడుండాడు."

విజయదుర్గ గొంతు పెంచలేదు.

"అత్తమ్మా, సూది తోలు కిందనే ఆగుతాది. బిడ్డ చానా లోతున ఉండాది. ఆ పొద్దు ఊపిరాడక నేను పడిపోయినప్పుడు నా తల మీ ఒళ్ళోనే గదా ఉన్నింది. నా పెదాలు ఏ రంగులో ఉన్నాయో మీరే గదా చూసినారు."

వరలక్ష్మమ్మ చెంబు ముంచి కోడలి వీపు మీద నీళ్ళు పోసింది.

మళ్ళీ ఆపమని అనలేదు.

నెలలు నిండేకొద్దీ పొట్ట పెరిగింది. చర్మం సాగి మడతకు దొరకడం కష్టమైంది. ఒక సాయంత్రం విజయదుర్గ వేళ్ళకు మడత చిక్కలేదు. సూది జారి నేల మీద పడింది. ఇంకొకటి తీసింది. మడత మళ్ళీ జారింది.

గుమ్మంలో నీడ కదిలింది.

"ఇటియ్యి," అంది వరలక్ష్మమ్మ. "నాకు నేర్పియ్యి."

మరుసటి వారం ఆత్మకూరులో నర్సు ఎస్తేరమ్మ అత్త చేతిలో సూది పెట్టి దగ్గరుండి వేయించింది. పొట్ట పక్కలకు వేయాలి. వేసేదాకా మడత వదలకూడదు. వేశాక రుద్దకూడదు. వరలక్ష్మమ్మ బడిపిల్లలా తల ఊపింది. ఎన్నో ఏళ్ళుగా మల్లెలు కట్టిన వేళ్ళు అవి. మొగ్గ నలగకుండా ముడి వేయడం తెలిసిన వేళ్ళు.

విజయదుర్గకు పోటు తెలియలేదు.

ఆ రోజు నుంచి అత్తే కాపలా. ఎవరింటికి పేరంటానికి పిలిచినా, "మా కోడలికి సూది వేళయింది" అని లేచి వచ్చేది. నడుమునొప్పికని చుట్టపామె ఒకతె నొప్పిమాత్ర ఇవ్వబోతే ఆ చెయ్యి మధ్యలోనే పట్టుకుంది. "డాక్టరమ్మను అడగందే ఈ పిల్ల నోట్లోకి ఏదీ పోకూడదు. అది కూడా నెత్తురు పలచన చేసే రకమైతే? రెండూ కలిస్తే ఆగేది ఎట్టా?"

గదిలో విజయదుర్గ దిండు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది.

లోపల బిడ్డ తన్నింది.

*

ఫలానా రోజున నెల్లూరు ఆస్పత్రిలో చేరాలి, ముందురోజు సూది ఆపాలి — అంతా అనుకున్నారు.

బిడ్డ ఆ మాట వినలేదు.

తేదీ ఇంకా రాకముందే, తెల్లవారుతుండగా నడుములో ఏదో బిగిసింది. వదిలింది. మళ్ళీ బిగిసింది. కొండ మీద గాలి ఒక్కసారిగా లేచి, పడి, మళ్ళీ లేచినట్టు...

నొప్పులు.

ఉదయ్ కుమార్ కారు కోసం పరుగెత్తాడు. వరలక్ష్మమ్మ గదిలోకి వచ్చింది. ఒక చేతిలో దూది. ఇంకో చేతిలో సూది.

"పడుకోమ్మా. చిటికెలో వేసేస్తా. వేసుకోని బయల్దేరదాం."

"వద్దు అత్తమ్మా."

"ఏంది వద్దు? ఇన్ని నెలల్లో ఒక్క పూట తప్పిందా? ఇప్పుడు తప్పితే..." ఆ మధ్యాహ్నం, ఆ నీలి పెదాలు, ఆమె కళ్ళ ముందు ఉన్నాయి. "మళ్ళా గడ్డ కడితే నేనేం చేసేది?"

నొప్పి వచ్చింది. విజయదుర్గ మంచం పట్టె పట్టుకుంది. అది పోయేదాకా ఆగింది. అప్పుడు అత్త మణికట్టు మీద చెయ్యి వేసింది.

"ఇప్పుడు వేస్తే కాన్పులో నెత్తురు ఆగదు. నొప్పులు మొదలైతే వేసుకోవద్దని, ఫోన్ చెయ్యమని డాక్టరమ్మ చెప్పిండాది. పూట తప్పొద్దనిందీ ఆమే. ఈ పొద్దు ఆపమనిందీ ఆమే."

ఇన్నాళ్ళూ వేసుకోవడానికి కావలసిన ధైర్యం వేరు.

ఆపడానికి కావలసిన ధైర్యం వేరు.

ఆమె దగ్గర రెండూ ఉన్నాయి.

ఫోన్‌లో డాక్టరమ్మ అడిగిన మొదటి మాట అదే. "వెయ్యలేదు కదా? నిన్న సాయంత్రందే చివరిదా? సరే. నెల్లూరు వాళ్ళకు నేను చెప్తాను. నేరుగా అక్కడికి పోండి. ఆలస్యం చెయ్యొద్దు."

కారు కదిలింది. ఉదయగిరి కొండ వెనక్కి జరిగింది. ఆత్మకూరు దాటింది. పచ్చని వరిచేలు మొదలయ్యాయి. కాలవల నిండా నీళ్ళు... కాళ్ళు కదుపుతూ, ఊపిరి గుండెల నిండా పీల్చి వదులుతూ కూర్చుంది విజయదుర్గ. వరలక్ష్మమ్మ ఆమె చెయ్యి వదల్లేదు.

ఆస్పత్రిలో డాక్టర్లు చివరి సూది ఎప్పుడని మళ్ళీ అడిగారు. ఆమె తడుముకోకుండా చెప్పింది. రక్తం పరీక్షకు పంపారు. అవసరం పడితే ఎక్కించడానికి రక్తం సిద్ధంగా పెట్టారు. పొద్దు వాలేవేళకు —

ఏడుపు.

సన్నగా, కోపంగా, ఎవరినో నిలదీస్తున్నట్టు.

ఆడపిల్ల.

ఆ తర్వాత అందరూ ఎదురుచూసింది ఒక్కదాని కోసం. నర్సు చూసింది. డాక్టరు చూశాడు. మళ్ళీ చూశాడు.

"నెత్తురు ఆగింది."

బయట బెంచీ మీద వరలక్ష్మమ్మ ఆ మాట విని, కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది.

*

గండం గడిచిందని మాత్రం ఎవరూ అనలేదు. కాన్పు తర్వాతి వారాల్లోనే గడ్డ కట్టే భయం ఎక్కువని డాక్టరు చెప్పాడు. నెత్తురు నిలకడగా ఆగిందని చూసుకున్నాక, మరుసటి రోజు సూది మళ్ళీ మొదలన్నాడు.

"అది వేసుకుంటూ పాలివ్వచ్చా?" విజయదుర్గ అడిగింది.

"నిక్షేపంగా ఇవ్వచ్చు."

వరలక్ష్మమ్మ ముందుకు జరిగింది. "అయ్యా, ఈ సూది మీ నర్సులే వేస్తారా... నన్ను వెయ్యమంటారా?"

డాక్టరు నవ్వాడు. ఆమె నవ్వలేదు. జవాబు కోసం చూస్తోంది.

విజయదుర్గ ఒళ్ళో బిడ్డ పాల కోసం వెతుక్కుంది. పట్టు దొరకలేదు. మళ్ళీ వెతుక్కుంది. చిన్న నోరు, చిన్న పంతం.

దొరికింది.

ఒక గుటక...

ఇంకో గుటక.