గౌస్‌బీ పోసిన చెంబెడు నీళ్లు

మా మగ్గం గది గోడకు అవతలే షహనాజ్ ఇల్లు. మొగుడు పోయాక కువైట్‌లో ఒక ఇరానీవాళ్ల ఇంట్లో వంటకు కుదిరింది. ఈసారి సెలవు మీద ధర్మవరం వచ్చినప్పుడు, ఇక తిరిగి పోకూడదని గట్టిగా అనుకుంది. కూతురు నాజ్‌నీన్ తల్లిని ఫోనులో చూడ్డానికే అలవాటుపడింది. ఎదురుగా నిలబడితే సిగ్గుపడి జేజి కొంగు వెనక దూరుతోంది. ఆ నాయనమ్మ గౌస్‌బీ, షహనాజ్‌కు అత్త.

దారి ఒకటి దొరికింది. సోమందేపల్లె దగ్గర హైవే మీద ఇనాయతుల్లా అనే ఆయన హోటల్ తెరుస్తున్నాడు. దుబాయ్‌లో ఉండి ఇరానీ అన్నం రుచి మరిగినవాడు. శుక్రవారం నమాజు అయ్యాక ఇంటికే వచ్చి తిని చూస్తానని, నచ్చితే అప్పటికప్పుడే పని ఖాయమని, లేకుంటే సాయంత్రం బెంగళూరు వంటవాణ్ణి పిలిపించుకుంటానని కబురు పెట్టాడు.

నేను మగ్గం దిగి పోయి వంట చూస్తూ కూర్చున్నాను. షహనాజ్ బియ్యం ఉడికీ ఉడకకుండానే గంజి వార్చింది. గిన్నె అడుగున నూనె, నెయ్యి పోసి, బిళ్లలుగా తరిగిన ఉర్లగడ్డలు, అదే బంగాళాదుంపలు, పరిచింది. వాటి మీద అన్నం గుట్టగా పోసి, కువైట్ నుంచి తెచ్చిన చిటికెడు కుంకుమపువ్వు నానేసిన నీళ్లు చల్లింది. మూతకు గుడ్డ చుట్టి మంట బాగా తగ్గించింది.

"దించినాక గిన్నె తట్టలో బోర్లిస్తే అడుగున వేగిన ఉర్లగడ్డ పెచ్చు పైకొస్తాదక్కా, బంగారు రంగులో. అన్నం ఎవురైనా చేస్తారు, ఆ పెచ్చు కోసమే ఆయప్ప వస్తాండేది" అంది.

నాకు చెప్పింది గాని, అత్తకు చెప్పాలని ఆ పిల్లకు తోచలేదు. కువైట్ ఇంట్లో పెచ్చు కోసం పిల్లలు కొట్టుకోవడం రోజూ చూసింది. మన ఇళ్లలో అడుగంటడమంటే ఎంత తలవంపులో మరిచిపోయింది.

ఇనాయతుల్లా వచ్చాడు. షహనాజ్ పొయ్యి ఆపి, చీర మార్చుకోవడానికి లోపలికి పోయింది. నేను వసారాలో ఆయనకు కుర్చీ వేస్తున్నాను. గౌస్‌బీ వంటింట్లోకి పోవడం చూశాను, పళ్లేలకనుకున్నాను.

ఆమెకు మాడు వాసన తగిలిందట. గరిటె దింపితే అడుగు గట్టిగా తగిలిందట. కోడలి పరువు పోతుందని భయపడి, పైన ఉన్న అన్నమంతా మెల్లగా పెద్ద స్టీలు తట్టలోకి తీసేసి, గిన్నెలో నిండు చెంబు నీళ్లు కుమ్మరించి, బల్ల కిందికి తోసేసింది. అది కొళాయి వచ్చే రోజు కూడా కాదు. మా వీధిలో అలాంటి రోజున చెంబెడు నీళ్లు ఎవరూ ఊరికే పోయరు.

తట్ట తెచ్చి ఆయన ముందు పెట్టి, "ఒక్క మెతుకు మాడలేదు చూడప్పా. మా కోడలి చెయ్యి అట్లాంటిది" అంది.

ఇనాయతుల్లా అన్నం తిన్నాడు. బాగుందన్నాడు. "అడుగు యాడమ్మా?" అని అడిగాడు.

గౌస్‌బీ ఇంకో గరిటె అన్నం వడ్డించింది. అప్పుడే వచ్చిన షహనాజ్ తట్ట చూసి, వంటింట్లోకి పరుగెత్తింది. నేనూ వెనకే పోయాను. గిన్నెలో పసుపుపచ్చ నీళ్లలో ఉర్లగడ్డ బిళ్లలు నానిపోతున్నాయి.

ఆయన చేయి కడుక్కున్నాడు. "అన్నం వండేటోళ్లు నాకు చానామంది ఉండారమ్మా" అని లేచాడు. పెచ్చు ఉండిందయ్యా, ఈ పెద్దావిడ తెలియక నీళ్లు పోసిందని నేను చెప్పాను. విన్నాడు, నవ్వాడు, బండెక్కాడు. ఇంకోసారి చేసి చూపించడానికి ఆ ఇంట్లో కుంకుమపువ్వూ లేదు, ఆయన దగ్గర టైమూ లేదు. నాకు ఒళ్లు మండింది. మండి ఏం లాభం?

గౌస్‌బీ గిన్నె ముందేసుకుని కింద కూర్చుంది. "నా పెండ్లైన కాడ్నుంచి మాడు నానబెట్టుకుని నేనే తింటాండా. అందరూ తిన్నాక, పొయ్యి కాడ. దాన్ని అడిగి తినేటోళ్లు ఉంటారని నాకెట్ల తెలుస్తాదే?"

షహనాజ్ అరవలేదు. పక్కనే కూర్చుని ఒక బిళ్ల తీసి అత్త నోట్లో పెట్టింది. "ఎట్లుండాది అత్తా?"

గౌస్‌బీ నమిలింది. "బాగుండాది. నీళ్లు పోయకుండా ఉండింటే ఇంకా బాగుండు" అని ఏడ్చింది. షహనాజ్‌కు నవ్వూ వచ్చింది, ఏడుపూ వచ్చింది. సెలవు అయిపోగానే కువైట్ వెళ్లిపోయింది.

ఇప్పుడు శుక్రవారాలు గౌస్‌బీ ఉర్లగడ్డలు పరిచి అన్నం చేస్తుంది. కుంకుమపువ్వు ఉండదు, పసుపు వేస్తుంది. మొదట్లో నల్లగా మాడ్చేది, ఇప్పుడు చేయి కుదిరింది. గిన్నె బోర్లించి మొదటి పెచ్చు నాజ్‌నీన్‌కు పెట్టి, ఫోను ఆ పిల్ల నోటి దగ్గర పెడుతుంది. పిల్ల కరకరా నములుతుంది. ఆ వేళకు షహనాజ్ అక్కడ ఇరానీవాళ్ల పిల్లలకు వడ్డిస్తూ ఉంటుంది.

"ఇనపడుతాండాదా?" అంటుంది గౌస్‌బీ.

"ఇనపడుతాండాది అత్తా. ఇంకొంచెం నమలమను" అంటుంది షహనాజ్.