ముద్ద తిన్న రోజు

రెండు వారాలకోసారి, గురువారం సాయంత్రం, కళ్ళద్దాల షాపు షట్టర్ దించి ఇంటికి రాగానే కళ్ళజోళ్ళాయన చేసే మొదటి పని ఫ్రీజర్ తెరవడం. బఠాణీల ప్యాకెట్ వెనక, మూత గట్టిగా బిగించిన డబ్బాలో ఎలుకలుండేవి. ఒకదాన్ని తీసి ప్లాస్టిక్ సంచిలో పెట్టి, వేడినీళ్ళ గిన్నెలో వదిలేవాడు. అది మెత్తబడి వెచ్చబడేలోపు తను స్నానం చేసి వచ్చేవాడు. తర్వాత దాన్ని గుడ్డతో తుడిచి, పొడుగాటి పట్టకారుతో పట్టుకుని, గాజు పెట్టె ముందు మోకాళ్ళ మీద కూర్చునేవాడు.

పెట్టెలో ఉండేది ముద్ద. బాల్ పైథాన్ అనే పొట్టిరకం కొండచిలువ. చిన్న అలికిడైతే చాలు, తలని మధ్యలో దాచుకుని గుండ్రంగా చుట్టుకుపోయేది. అందుకే ఆ పేరు.

"పేరుకే పాము. పిరికితనంలో మా ఆయన్ని మించిపోయింది" అనేది ఎదురు వాటా టైలరమ్మ, వాళ్ళాయన వింటుండగానే.

పిరికిదే గానీ తిండి దగ్గర మొహమాటం లేదు. బోర్లించిన మట్టికుండ కన్నంలోంచి తల బయటపెట్టి, నాలుక ఆడించి, ఒక్క ఉదుటున పట్టేది. తీరిగ్గా మింగేది. మింగాక పెద్దగా ఆవులించి దవడలు సర్దుకునేది.

అప్పుడు దాని ఆకలి బయటికి వచ్చేది. కడుపు నిండినదానికి ఆకలితో పనేముంది? ఆ ఆకలి మాత్రం ఎక్కడికి పోతుంది? తలుపు సందులోంచి జారి, మెట్ల మీదుగా దిగుతూ, ఒక్కో వాటా ముందు కాసేపు ఆగేది. టైలరమ్మ కుట్టుమిషన్ టక్కున ఆగిపోయేది. పిల్లలు హోంవర్కు మధ్యలో వదిలేసి అమ్మల కొంగు పట్టుకునేవాళ్ళు. కింద వీధి వైపు సూపుల షాపు ఉంది. దాని యజమాని ఆ గురువారాల్లో పెద్ద గుండిగ పొయ్యెక్కించేవాడు. దీని గురించి ఎవరూ వింతగా చెప్పుకునేవాళ్ళు కాదు. మబ్బు పడితే ఆరేసిన బట్టలు తీసుకున్నట్టు, ఆ రోజుకి రొట్టె కాస్త ఎక్కువ తెచ్చి ఉంచుకునేవాళ్ళు, అంతే.

చలికాలం మొదట్లో కళ్ళజోళ్ళాయన వాళ్ళ అక్కని తీసుకొచ్చాడు.

అక్క వేరే ఊళ్ళో, ఏటి మీద లాంచీ నడిపేది. అందరూ సరంగమ్మ అనేవాళ్ళు. ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డుకి మనుషుల్ని, సైకిళ్ళని, మేకల్ని, పెళ్ళివాళ్ళని, నొప్పులు పడుతున్న ఆడవాళ్ళని దాటించింది. పెళ్ళి మాటెత్తితే "నాకు తీరికేదిరా" అనేది. తర్వాత ఏటి మీద వంతెన కట్టారు. వంతెన తెరిచిన రోజు ఊరంతా దాని మీద నడిచింది. అక్క కూడా ఈ చివర నుంచి ఆ చివరికి నడిచి, "బాగుంది, గట్టిగా కట్టారు" అంది. మర్నాటి నుంచి ఆమెకి తిండి సయించలేదు.

పంతం పట్టి మానేయలేదు. నోటికి రుచి లేదు, కడుపు నుంచి కబురు లేదు. రెండు చెంచాలు తినేసరికి గొంతు మూసుకుపోయేది. పరీక్షలన్నీ చేయించారు. ఏ జబ్బూ లేదన్నారు. జబ్బు లేకుండానే మనిషి సగమైంది. భుజాల మీద చొక్కా కొక్కేనికి తగిలించినట్టు వేలాడుతుంటే చూడలేక తమ్ముడు తన దగ్గరికి తెచ్చుకున్నాడు. మనసులో ఒక ఆశ ఉంది. గురువారం వస్తుంది, ముద్ద తింటుంది, అక్కకి ఆకలేస్తుంది.

గురువారం వచ్చింది. ముద్ద తినలేదు.

ఎలుకని ముక్కు ముందు ఆడిస్తే తల లోపలికి లాక్కుంది. ఆ తర్వాతి గురువారమూ అంతే. కింద పెట్టిన వేడి పలక పనిచేస్తోందో లేదో చూశాడు. కుండ మార్చాడు. ఎలుక సైజు మార్చాడు. చివరికి పామునే సంచిలో వేసుకుని పశువుల డాక్టరమ్మ దగ్గరికి తీసుకెళ్ళాడు.

ఆవిడ దాన్ని తూచి, నోరు తెరిపించి చూసింది. "బాగానే ఉంది. చలికాలం, ఇంట్లో కొత్త మనిషి, కొత్త వాసన. వీటికి అలగడానికి ఇవి చాలు. ఒళ్ళు తగ్గకపోతే నెలల తరబడి తినకపోయినా తట్టుకుంటాయి. కంగారు పడకండి."

"మా అక్క కూడా తినడం లేదండి."

"మీ అక్కగారు పామా?"

"కాదండి."

"అయితే కంగారు పడండి" అంది డాక్టరమ్మ, చేతులు కడుక్కుంటూ.

ఆయన కంగారు పడ్డాడు. పొద్దున లేస్తే అక్క ముందు పళ్ళెం పెట్టి "ఒక్క ముద్ద అక్కా" అనేవాడు. సాయంత్రమైతే పట్టకారు పట్టుకుని "ముద్దా, ఒక్కసారి తల్లీ" అనేవాడు. ఆ ఇంట్లో ముద్ద అన్న మాట తప్ప మరో మాట వినపడేది కాదని, ఎవరిని బతిమాలుతున్నాడో తెలియక తన కుట్టు వంకర పోతోందని టైలరమ్మ గోల పెట్టేది.

వాటాలన్నింటిలోనూ తిండి మందగించింది. పిల్లలు పళ్ళేల్లో గీతలు గీసుకుంటూ కూర్చునేవాళ్ళు. సూపులాయన ఒకరోజు మెట్లెక్కి వచ్చాడు. ఒంటరి మనిషి, పెద్ద గొంతు, చిన్న ఓపిక.

"ఏం బాబూ, మీది ఇంకా నిరాహారదీక్షలోనే ఉందా? ఆ గుండిగ అడుగు చూసి ఎన్నాళ్ళయిందో!" అంటూ లోపలికి తొంగి చూసి, కుర్చీలో ముడుచుకుని ఉన్న అక్కని చూడగానే గొంతు తగ్గించాడు. "అమ్మగారు కూడానా?"

"నేను కూడానే" అంది అక్క. "మీ సూపు తప్పేం లేదులెండి."

చలి ముదిరిన ఒక గురువారం సాయంత్రం కళ్ళజోళ్ళాయన మళ్ళీ గాజు పెట్టె ముందు కూర్చున్నాడు. ఎలుక చల్లబడింది. "నీకు పుణ్యముంటుంది, తినవే" అంటున్నాడు. కుండలో చలనం లేదు.

"ఒరేయ్" అంది అక్క వెనక నుంచి. "నువ్వలా కళ్ళల్లో ఒత్తులేసుకుని కూర్చుంటే ఎవరికి దిగుతుందిరా గొంతులో?"

ఆయన తిరిగి చూశాడు. "నేనేం చేశానక్కా? ప్రేమ కొద్దీ కదా పెడుతున్నాను."

"ప్రేమే. కాదన్నానా? ఆ ప్రేమే గొంతుకి అడ్డం పడుతోంది. నేను మింగానా లేదా అని నా మెడ వంక చూస్తావు. దాని మెడ ఎక్కడుందో తెలియక దాన్ని నిలువునా చూస్తావు. కాసేపు అవతలికి పో."

అక్క అలా గట్టిగా మాట్లాడి చాలా రోజులైంది. అయినా ఆయనకి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. పట్టకారు కింద పెట్టి, బయటికి వెళ్ళి మెట్ల మీద కూర్చున్నాడు. టైలరమ్మ తలుపు తీసుకుని వచ్చి, పక్కన కూర్చుని, చేతిలో ఉన్న ప్యాంటుకి అంచు కుట్టుకోసాగింది.

"అక్క తిట్టింది" అన్నాడు చివరికి.

"తిట్టడానికి ఓపికొచ్చిందన్నమాట" అంది టైలరమ్మ. "మంచిదేగా."

లోపల అక్క ఎలుకని మళ్ళీ వెచ్చబెట్టి, కుండ కన్నం ముందు ఉంచింది. తన పాత శాలువా తీసి గాజు పెట్టె మీద కప్పింది. దీపం ఆర్పి, పెట్టెకి వీపు ఆనించి నేల మీద కూర్చుంది. దాన్ని పిలవలేదు, బతిమాలలేదు. తనకేదో తోచింది తను ఆలోచించుకుంటూ ఉండిపోయింది.

మెట్ల మీద కూర్చున్నాయనకి ముందు మోకాళ్ళ వెనక ఏదో వెచ్చగా తగిలింది. తర్వాత కడుపులో ఎవరో పిడికిలితో తలుపు బాదినట్టయింది. టైలరమ్మ చేతిలో సూది జారిపోయింది. "అమ్మో" అంది పొట్ట పట్టుకుని. అన్నాళ్ళుగా పోగుపడ్డ ఆకలి అది. మెట్లన్నీ పట్టేసి, గోడలు రాసుకుంటూ దిగుతోంది. తలుపులు టపటపా తెరుచుకున్నాయి. చంటిపిల్లలు ఒక్కసారే ఏడుపందుకున్నారు.

ఆయన పరుగున లోపలికి వెళ్ళాడు. "అక్కా! తిన్నట్టుంది!"

"వినపడింది" అంది అక్క చీకట్లోంచి.

"మరి నీకు..."

"కాసేపు మాట్లాడకురా."

కడుపు మీద చెయ్యి పెట్టుకుని, దూరం నుంచి వస్తున్న అడుగుల చప్పుడు వింటున్నదానిలా కూర్చుంది. ఆకలి వెళ్తూ వెళ్తూ ముందు తన ఒళ్ళో కూర్చుందని, బరువుగా, పసిపిల్లలా ఉందని తర్వాత చెప్పింది. అప్పుడు మాత్రం లేచి, చెప్పులు కూడా వేసుకోకుండా మెట్లు దిగింది.

సూపుల షాపు కిక్కిరిసిపోయింది. వాటాల వాళ్ళే కాదు, వీధిలో పోయేవాళ్ళు కూడా వచ్చి పడ్డారు. గిన్నెలు చాచి తోసుకుంటున్నారు. ఒక బల్ల పడిపోయింది. సూపులాయన గరిటె పైకెత్తి అరుస్తున్నా ఎవరికీ వినపడటం లేదు. పొయ్యి మీద సలసలా మరుగుతున్న గుండిగ. దాని మీదికి జనం.

"ఆగండి!"

అందరూ ఆగారు. గాలికి ఎదురుగా, ఏటికి అడ్డంగా అరిచి అలవాటైన గొంతు అది.

"అందరూ ఒక పక్కకే పడితే మునుగుతాం! పిల్లల్ని ముందుకి పంపండి. పెద్దవాళ్ళు కూర్చోండి. నువ్వు, పొడుగాయనా, ఆ బల్ల ఎత్తు. అమ్మా, ఆ గిన్నెలు ఇటు అందుకో. ఎవరినీ వదిలి వెళ్ళం, అందరూ ఎక్కాకే బయల్దేరేది!"

ఏమిటి ఎక్కడం, ఎక్కడికి బయల్దేరడం అని ఒక్కరూ అడగలేదు. బుద్ధిగా వరసలో నిలబడ్డారు. అక్క గిన్నెలు అందించింది, సూపులాయన పోశాడు. పిల్లలు తిన్నారు, ముసలివాళ్ళు తిన్నారు, టైలరమ్మా వాళ్ళాయనా ఒకే గిన్నెలో తిన్నారు. అక్క పెదవులు ఎండిపోతున్నాయి, గరిటె లేచినప్పుడల్లా ఆమె కళ్ళు దానితోపాటే లేస్తున్నాయి. అయినా చివరి మనిషి దాకా చెయ్యి ఆగలేదు.

గుండిగ ఖాళీ అయింది. సూపులాయన దాన్ని వంచి, అడుగంతా గీకితే ఒక గిన్నెడు వచ్చింది. చిక్కగా, కాస్త అడుగంటిన వాసనతో. దాన్ని తెచ్చి అక్క ముందు పెట్టాడు.

కళ్ళజోళ్ళాయన నోరు తెరిచాడు. "తిను" అన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది. దాన్ని మింగేసుకుని, చొక్కా చేతులు పైకి మడుచుకుని, గోడ వైపు తిరిగి ఎంగిలి గిన్నెలు తోమడం మొదలుపెట్టాడు. గిన్నెల చప్పుడులో చెవులు రిక్కించుకుని నిలబడ్డాడు. తర్వాత చెంచా గిన్నెకి తగిలింది. మళ్ళీ తగిలింది. ఇంకాసేపటికి, అడుగు గీకుతున్న చప్పుడు.

"ఇంకేమన్నా ఉందా అండీ?" అంది అక్క.

"సూపు లేదమ్మా. గుడ్లున్నాయి."

"ఎన్నున్నాయి?"

తోముతున్న గిన్నెలో ఆయన కన్నీళ్ళు పడ్డాయి. సబ్బునీళ్ళలో కలిసిపోయాయి కాబట్టి ఎవరూ చూడలేదు.

సూపులాయన గుడ్లు ఉడకబెట్టి, ఎదురుగా కూర్చోకుండా కాస్త దూరంలో నిలబడి, గరిటె తుడుస్తూ అడిగాడు. "రేపు కూడా రాగలరా? ఈ జనాన్ని నేనొక్కణ్ణే పట్టలేను."

అక్క నోట్లో గుడ్డు ఉంది. అది నమిలి, మింగి, షాపంతా ఒకసారి కలయజూసింది. "ముందు ఈ బల్లలు సరిగ్గా వేయాలి. మనిషి నడిచే దారేదండీ?"

మర్నాడు పొద్దున కింద బల్లలు ఈడుస్తున్న చప్పుడుకి కళ్ళజోళ్ళాయనకి మెలకువ వచ్చింది. "అటు కాదండీ, ఇటు. ఇటంటే ఇటు" అని అక్క గొంతు. "నా షాపండీ ఇది" అని సూపులాయన గొణుగుడు. వెంటనే మరో బల్ల కదిలిన చప్పుడు. కళ్ళజోళ్ళాయన దుప్పటి మెడ దాకా లాక్కుని అలాగే వింటూ పడుకున్నాడు. ఆ రోజు ఆయన షాపు ఆలస్యంగా తెరిచాడు.