పలకా, చెవా?

ముందే ఒప్పేసుకుంటున్నా: ఈ కథలో గిద్యోనుకు ఇంగ్లీషు రాదు. అయినా ఎనభైల నాటి ఒక ఇంగ్లీషు న్యూవేవ్ బ్యాండు పాటలు ఆయనకు నోటికొచ్చు, తప్పులతో సహా.

మార్కాపురం పలకల ఫ్యాక్టరీలో ఆయన కనుబొమల మీద రాతిపొడి బూడిదలా పేరుకుంది. వేలి కణుపుతో పలకను కొట్టి, తల వంచి వింటాడు. ఖంగుమంటే మంచిది. మొద్దుగా పలికితే లోపల పగులు. ముప్పై ఏళ్లుగా ఇదే పని. ఈరోజు మాత్రం ఒక్కోదాన్నీ రెండుసార్లు కొడుతున్నాడు.

"ఏందన్నా, పలకలు వాయిస్తన్నావు? పెండ్లి మేళం ఒప్పుకున్నావా?" అంది పక్కన పలకలు పేరుస్తున్న సామ్రాజ్యం.

"నీ పెండ్లికే" అన్నాడు.

నవ్వాడు గానీ లోపల భయం. హాస్టలు రోజుల్లో వార్డెను ఇచ్చిన ఆ బ్యాండు క్యాసెట్టు ఏడాదిగా కుండలోంచి పాడుతున్నట్టుంది. రంపాల మోతకు చెవులు పోయాయనుకున్నాడు. చెవులు పోతే ఈ పనీ పోయినట్టే. ఎవరికీ చెప్పలేదు. ఆఖరి పలక మొద్దుగా పలికింది. పగులు పలకలోనా, చెవిలోనా? తేల్చుకోలేక సంచిలో వేసుకుని ఇంటికొచ్చాడు.

సెలవుకొచ్చిన తమ్ముడి కూతురు కేథరిన్, హైదరాబాదు బస్సుకు బ్యాగు సర్దుకుంటోంది.

"పెదనాయనా, నీ బ్యాండు ఆల్బమ్స్ ఆరూ నా పాత ఫోన్లో ఎక్కించి తెచ్చినా. లాస్‌లెస్."

"అంటే ఏంది?"

"స్టూడియోలో ఎట్ల పాడినారో అట్లనే. ఏమీ కొయ్యరు. ఫైలు మాత్రం మా నాయన మాదిరి, మంచమంతా ఆక్రమిస్తది."

హెడ్‌ఫోన్లు తగిలించబోతే ఆయన వెనక్కి జరిగాడు. వినపడకపోతే సంగతి ఇప్పుడే తేలిపోతుంది. అయినా ఆమె తగిలించేసింది.

పాట మొదలైంది. ఇసుక చల్లినట్టు సన్నటి తాళాల చప్పుడు. ఆ వెనకే పాడేవాడు గుక్క తిప్పుకోవడం.

"పాపా! ఈన ఊపిరి పీలుస్తన్నాడే!"

"అరవబాక పెదనాయనా, నాకేం చెవుడు లేదు."

"నాకూ లేదు!" ఆయన కళ్లు తడిశాయి. "మరి క్యాసెట్లో రాదేంది?"

"నలభై ఏండ్లు తిప్పితే టేపు అరగదా?"

"అరిగింది అదా!"

హెడ్‌ఫోన్లూ ఆ పాత ఫోనూ ఆయనకే వదిలేసి కేథరిన్ ఆరుగంటల బస్సుకు వెళ్లిపోయింది. గిద్యోను సంచిలోంచి పలక తీసి ఒక్కసారి కొట్టాడు. మొద్దుగా పలికింది. పగులే. హాయిగా నవ్వుకున్నాడు.

కిటికీలో ఆ పగిలిన పలక, దాని మీద అరిగిన క్యాసెట్టు.